ఒళ్లో మాటలు

ఇంకో పది రోజుల్లో ఆ బడిని కూలగొడతారనగా, మూడు రోజుల పాటు లోపల సినిమా తీసుకోవడానికి ఆమెకు అనుమతి దొరికింది. చెవులు వినిపించని పిల్లల కోసం ఎప్పుడో కట్టిన బడి అది. రెండంతస్తులు, మధ్యలో రాళ్లు పరిచిన పెరడు, పెరటి మూల సిమెంటు నీళ్ల తొట్టి. పిల్లలు లేక అయిదేళ్లయింది. కిటికీ రెక్కలు, తలుపు గొళ్లాలు ఎవరో ఊడదీసుకుపోయారు. బల్లలు మాత్రం నేలకు బిగించి ఉండటం వల్ల బతికిపోయాయి.

ఆమె డాక్యుమెంటరీలు తీస్తుంది. ముప్ఫై ఏళ్లలో పదకొండు తీసింది. గనుల్లో దుమ్ము మింగి మంచాన పడ్డవాళ్లు, రిజర్వాయరు కింద ఇళ్లు మునిగినవాళ్లు, చేయని నేరానికి జైల్లో జుట్టు నెరిసినవాళ్లు... ఎప్పుడో జరిగిపోయిన అన్యాయాల వెంట పడి తిరగడమే ఆమె ఉద్యోగం. "పాత గోడ కనిపిస్తే చాలు, ఇక్కడ ఎవర్ని ఏం చేశారని అడుగుతారు మా మేడమ్," అంటుంటాడు కెమెరామన్. ఆమెతో తొమ్మిది సినిమాలు చేసినవాడు కాబట్టి ఆ మాత్రం అనే చనువుంది. ఈ పన్నెండో సినిమాని మాత్రం ఆమె ఎన్నో ఏళ్లుగా తీయాలనుకుంటూ, ఏదో ఒక వంకతో వెనక్కి నెడుతూ వచ్చింది. ఎందుకంటే ఈ బడిలో చదువుకున్న పిల్లల్లో ఆమె అమ్మ ఒకతె.

మొదటి రోజు మాస్టారిది. ఎనభై ఆరేళ్ల మనిషి, ఇస్త్రీ చొక్కా, జేబులో రెండు పెన్నులు. మెట్లెక్కేటప్పుడు కెమెరామన్ చెయ్యందించబోతే వద్దన్నారు. కుర్చీ వేస్తే కూర్చోలేదు. తను పాఠం చెప్పిన గదిలో, తను నిలబడ్డ చోటే నిలబడతానన్నారు. సౌండాయన వచ్చి మాస్టారి చొక్కాకు మైకు తగిలిస్తుంటే గడ్డం పైకెత్తి, బుద్ధిగా, ఫొటోకి నిలబడ్డ పిల్లాడిలా ఆగారు.

తర్వాత సన్నటి కాగితం ముక్క ఒకటి తీసి పెదాల ముందు పట్టుకున్నారు. "ప," అన్నారు. కాగితం ఎగిరింది. "బ," అన్నారు. కాగితం కదిలీ కదలనట్టు ఊరుకుంది.

"చూశావామ్మా తేడా? వాళ్లకి వినపడదు గానీ, కనపడుతుందిగా. ఈ కాగితం ఎగిరేదాకా ఒక్కో పిల్లకి ఆరేసి నెలలు పట్టేది. నా గొంతు మీద వాళ్ల చెయ్యి పెట్టించుకుని, అదిరేది తెలిసేదాకా చెప్పేవాణ్ని. గొంతు పోయేది నాకు. సెలవుల్లో కూడా ఇంటికెళ్లేవాణ్ని కాదు."

"ఆ చేతుల్నే కట్టేసేవారు కదా మాస్టారూ," అంది ఆమె, ఇంకొంచెం టీ కావాలా అని అడిగినంత మెత్తగా.

అడిగి ఊరుకుంది. అదే ఆమె పనితనం. ప్రశ్న వేశాక నోరు కట్టుకుని కూర్చోవాలి. మొహంలో ఏమీ కనిపించకూడదు. ఆ నిశ్శబ్దాన్ని ఎక్కువసేపు మోయలేక ఎదుటివాళ్లు ఏదో ఒకటి అనేస్తారు. జైలు అధికారులు, గనుల యజమానులు, పెద్దపెద్దవాళ్లందరూ ఆ ఏదో ఒకటిలోనే దొరికిపోయారు.

మాస్టారు కాగితాన్ని మడిచారు, మళ్లీ విప్పారు. "కట్టేశాం. గుడ్డపీలికతో, కుర్చీ వెనక్కి. సైగలు అలవాటైతే ఇక మాట రాదని మాకు నేర్పింది అదే. నేనొక్కణ్నే కాదు, ఎక్కడ చూసినా అంతే. ఒక పిల్ల మరీ మొండిది. దాన్ని పొద్దున కడితే సాయంత్రం దాకా... మంచినీళ్లకి కూడా..." ఆగిపోయారు. కెమెరా వైపు చూశారు. "ఆ ముక్క తీసేయమ్మా."

"చెప్పిన మాట చెప్పినట్టే ఉంచుతానండి. ఎవరిదైనా అంతే, నా పద్ధతి."

ఆయన నేల చూసి తలూపారు. మైకు విప్పుతుంటే అడిగారు. "మీ అమ్మ ఎలా ఉంది? పెదాలు చదవడంలో దాన్ని మించిన పిల్ల ఈ బడిలో పుట్టలేదు. నేను గోడ వైపు సగం తిరిగి గొణిగినా పట్టేసేది!"

ఆ గర్వానికి ఆమెకు ఒళ్లు మండింది. అయినా వైరు తీస్తున్నప్పుడు నలిగిన ఆయన కాలరును తనే సరిచేసి పంపించింది.

రెండో రోజు అమ్మ వచ్చింది. ఒంటరిగా రానని ముందే తెగేసి చెప్పింది, చెంపసొట్ట తోడుంటేనే వస్తానంది. చెంపసొట్టది హాస్టల్లో అమ్మ పక్క మంచం. వాళ్లు ఒకరినొకరు పిలుచుకునే పేర్లు రాసుకునేవి కావు, చేత్తో చూపించేవి. చూపుడువేలు చెంపకి ఆనించి కొద్దిగా తిప్పితే ఆవిడ. భుజం మీంచి ముందుకు జడ వేసుకున్నట్టు చెయ్యి జారిస్తే అమ్మ. ఆ జడ ఊడిపోయి, జుట్టు గుప్పెడై, పిన్నులకే అందని వయసొచ్చినా అమ్మ పేరు జడే.

అమ్మ గదిలోకి వచ్చి బల్లల వంక చూడనైనా చూడలేదు. కూతురి చేతిలో ఉన్న నోటుపుస్తకం లాక్కుని, దాని వీపు వంచి, కుట్టు చూసి, పెదవి విరిచి తిరిగిచ్చేసింది. ముప్ఫై నాలుగేళ్లు అచ్చాఫీసులో అచ్చయిన పెద్ద కాగితాల ఫారాలు మడిచి, అంచులు కలిపి, పుస్తకాలు కుట్టిన మనిషి. ఏ పుస్తకం దొరికినా ముందు దాని వీపే చూస్తుంది.

"తిన్నావా?" అని అడిగింది, నడుం దగ్గర, రెండు వేళ్లతో.

అమ్మ ఆమెతో ఎప్పుడూ అలాగే మాట్లాడుతుంది. నిలబడితే నడుం దగ్గర, కూర్చుంటే ఒళ్లో. మాటలన్నీ అరచేయంత జాగాలోనే అయిపోవాలి, పక్కవాళ్లకి తెలియకుండా చీటీ అందించినట్టు. ఆమె చిన్నప్పట్నుంచీ ఆ చీటీలు చదువుకుంటూనే పెరిగింది.

మధ్యాహ్నం పైగదిలో లైట్లు సర్దుతూ కిటికీలోంచి కిందికి చూసింది. పెరట్లో ఇద్దరూ ఎదురెదురుగా నిలబడి ఉన్నారు. అమ్మ ఏదో కథ చెబుతోంది. అమ్మ భుజాలు కదులుతున్నాయి, మోచేతులు రెక్కల్లా విచ్చుకున్నాయి. ఒక లావుపాటి వంటావిడ నడిచొచ్చింది. ఆవిడ చేతిలోంచి గిన్నె జారింది. ఆ గిన్నె మెట్టు మెట్టుకీ ఎగురుకుంటూ కిందికి దొర్లింది. దాని వెనక కళ్లజోడు పట్టుకుని పరిగెడుతున్న మాస్టారు. అన్నీ అమ్మే, ఆఖరికి గిన్నె కూడా అమ్మే. చెంపసొట్ట పొట్ట పట్టుకుని రాళ్ల మీద చతికిలబడింది.

"మాటలుండవంటే నాకేం పనిలే అనుకున్నా," అన్నాడు సౌండాయన, హెడ్‌ఫోన్లు ఒక చెవి మీంచి తప్పించి. "ఎంత చప్పుడండీ బాబూ! చప్పట్లూ, ఊపిర్లూ, చెప్పులూ... వీళ్లిద్దరి ముందు మన ఆఫీసు నయం."

ఆమె నవ్వలేదు. అమ్మ అలా మాట్లాడటం జీవితంలో ఆరేడు సార్లు చూసిందేమో, అన్నీ చెంపసొట్ట ఇంటికొచ్చినప్పుడే. చిన్నప్పుడు తలుపు సందులోంచి చూసేది. తను గదిలో అడుగుపెట్టిందంటే చాలు, దీపం వత్తి తగ్గించినట్టు అమ్మ చేతులు దిగిపోయేవి. ఆ పెద్ద మాటల్లో ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి, తనతో అంటే బావుండునని ఎన్ని సాయంత్రాలు గుమ్మంలో నిలబడిందో లెక్కలేదు. పెళ్లయినప్పుడు, బిడ్డ పుట్టినప్పుడు కూడా అమ్మ సంతోషం ఒళ్లోనే అయిపోయింది. ఈ సినిమా ఎందుకు తీస్తున్నారని అడిగినవాళ్లకి ఆమె చరిత్ర గురించి, హక్కుల గురించి ఏవేవో చెప్పింది. అసలు సంగతి ఆ కిటికీ అవతల ఉంది. అమ్మ నుంచి ఆ చేతుల్ని ఎవరు లాక్కున్నారో నలుగురికీ చూపించాలి. ఎవరు లాక్కున్నారో ఆమెకి తెలుసు. నిన్ననే మైకు పెట్టి, కాలరు సరిచేసి మరీ పంపించింది.

సాయంత్రం చెంపసొట్ట ఇంటర్వ్యూ. ఆవిడ సైగ చేస్తుంటే, కెమెరా పక్కన కూర్చుని ఆమె దాన్ని పైకి మాటల్లో చెప్పింది, సౌండు కోసం. చేతులు ఎలా కట్టేవాళ్లో చెంపసొట్ట నవ్వుతూ చేసి చూపించింది.

"మాస్టారు పుస్తకం మూస్తే బడి అయిపోయినట్టు. కట్టు విప్పగానే అందరం నీళ్ల తొట్టి వెనక్కి ఒకటే పరుగు. పగలంతా ఆపుకున్న మాటలాయె! ఒక్కొక్కళ్ల చేతులు ఇంతింత! జడ కథ మొదలెట్టిందంటే అన్నాలు కూడా మానేసేవాళ్లం."

"మరి మా అమ్మ చేతులు అంత చిన్నవైపోయాయేం పిన్నీ?"

చెంపసొట్ట నవ్వు ఆగిపోయింది. గుమ్మంలో నిలబడ్డ అమ్మ వైపు చూసింది. అమ్మ గోడ చూస్తోంది.

"నన్నడుగుతావేం? దాన్నే అడుగు," అంది చెంపసొట్ట. అని లేచి మైకు తనే విప్పేసుకుంది.

మూడో రోజు పొద్దున అమ్మను రెండో వరస బల్ల దగ్గర కూర్చోబెట్టారు. అమ్మ అక్కడే కూర్చునేదట. బల్ల అంచు వేలితో రుద్ది, దుమ్ము ఊదింది. ఆమె లెన్సుకి ఆనుకుని కూర్చుంది. అలాగైతే అమ్మ తనతో మాట్లాడుతున్నా, చూసేవాళ్లతో మాట్లాడినట్టు ఉంటుంది.

"మేడమ్, అమ్మగారి చేతులు ఒళ్లోంచి రావట్లేదు," అన్నాడు కెమెరామన్ గొంతు తగ్గించి. "బల్ల అడ్డొస్తోంది. మొహం పట్టాలా, చేతులు పట్టాలా?"

"అమ్మని బల్ల అంచుకి జరిపి కూర్చోబెడదాం. రెండూ కావాలి."

అమ్మ అంచుకి జరిగింది. ఒళ్లో వేళ్లు కదిలాయి. ఆమె ఎప్పట్లాగే అమ్మ స్థానంలో ఉండి "నేను" అంటూ చెప్పసాగింది.

"నాకు అప్పుడు ఆరేళ్లు. మొదటి రోజు ఏడ్చాను. రెండో రోజు కూడా ఏడ్చాను. మూడో రోజు ఏడవలేదు, ఎందుకంటే ఏడిస్తే ముక్కు తుడుచుకోవడానికి చేతులుండవు. చెంపసొట్ట తన భుజానికి నా ముక్కు రాసుకోమనేది."

సౌండాయన కళ్లు దించుకున్నాడు. ఇంటర్వ్యూ బాగా వస్తోందని ఆమెకు తెలుస్తూనే ఉంది. అది తెలియడం తప్పని కూడా తెలుస్తూ ఉంది. ముప్ఫై ఏళ్ల అలవాటు, ఆపుకోలేదు. ఇక అసలు ప్రశ్న వేసింది, చేత్తోనూ నోటితోనూ కలిపి.

"ఆ కట్ల వల్లే కదమ్మా, నువ్విలా ఒళ్లో మాట్లాడటం మొదలైంది?"

అమ్మ ఆమె వంక వింతగా చూసింది. "కాదు."

ఆమె ఊరుకుంది. మొహంలో ఏమీ కనిపించనివ్వలేదు.

"వాళ్లు కడితే సాయంత్రానికి విప్పేవాళ్లు," అంది అమ్మ. "విప్పాక మా చేతులు ఇంకా పెద్దవయ్యేవి. చెంపసొట్ట చెప్పిందిగా. నాకు పెళ్లయ్యాక కూడా నా చేతులు పెద్దవే. మీ నాన్న పక్కన నడవాలంటే భయపడేవాడు, ఎక్కడ కంట్లో పొడుస్తానో అని."

ఆమె అదంతా పైకి చెప్పింది. కెమెరామన్ కిసుక్కున నవ్వాడు.

అమ్మ వేళ్లు మళ్లీ కదిలాయి. "నీకు ఏడేళ్లు. బడి వదిలారు. నేను అచ్చాఫీసు నుంచి తిన్నగా మీ గేటు దగ్గరికొచ్చాను. ఆ రోజు ఆఫీసులో ఏదో తమాషా జరిగింది. నీకు ఎప్పుడెప్పుడు చెబుదామా అని దారంతా ఆగలేకపోయాను. నువ్వు రాగానే మొదలుపెట్టాను. నీ స్నేహితులు, వాళ్ల అమ్మలు, అందరూ మన చుట్టూ ఉన్నారు. నువ్వు నా రెండు చేతులూ పట్టుకున్నావు. పట్టుకుని కిందికి నొక్కావు. గట్టిగా. నొక్కి ఉంచి, వాళ్ల వైపు చూసి నవ్వావు."

గదిలో సౌండు కోసం ఎవరో ఒకరు మాట్లాడాలి. ఆమె నోరు తెరిచింది.

"ఒకరోజు మా అమ్మాయి బడి దగ్గర... చుట్టూ ఉన్నవాళ్లు చూసి నవ్వారు. అప్పట్నుంచి బయట మాట్లాడాలంటే నాకు బెరుకు."

అమ్మ ముందుకు వంగింది. చూపు కూతురి పెదాల మీద ఉంది, మొదటి మాట నుంచీ అక్కడే ఉంది.

"నేను చెప్పింది అది కాదు," అంది అమ్మ. "వాళ్లు నవ్వారని నేననలేదు. నువ్వు నవ్వావన్నాను. సరిగా చెప్పు."

"ఆపెయ్యనా మేడమ్?" అన్నాడు కెమెరామన్. అతనికి సైగలు రావు. కానీ ఏదో తిరగబడిందని తెలిసింది.

"వద్దు."

ఆ రోజు ఆమెకు గుర్తుంది. మరిచిపోతే బావుండేది, కానీ మరిచిపోలేదు. ఇంకోలా గుర్తుంది, అంతే. అందరి ముందూ అమ్మ చేతులు తన చేతుల్లోకి తీసుకున్న రోజుగా దాచుకుంది. ఆ చేతులకున్న జిగురు వాసన కూడా గుర్తుంది. చిన్నప్పటి మంచి జ్ఞాపకం చెప్పమని ఎవరో అడిగితే ఒకసారి అదే చెప్పింది కూడా.

"నాకు ఏడేళ్లు," అని మొదలుపెట్టి, తప్పు తెలుసుకుని ఆగింది. "నా కూతురికి ఏడేళ్లు," అంది. ప్రతి మాటా, అమ్మ అన్నది అన్నట్టే, గేటు నుంచి నవ్వు దాకా చెప్పింది. అమ్మ ఆమె పెదాలనే చూస్తూ, అప్పజెప్పే పాఠం వింటున్నట్టు ఒక్కో వాక్యానికీ తలూపింది. ఆఖర్న అమ్మ వేళ్లు ఇంకో మాట కలిపాయి, ఆమె అదీ పైకి చెప్పింది. "నా చేతుల్ని దించింది ఈ బడి కాదు. నువ్వు." ఆ చివరి "నువ్వు" అన్నప్పుడు అది ఎవరితో అంటోందో ఆమెకే అర్థం కాలేదు.

తర్వాత ఎవరూ మాట్లాడలేదు. ఇలాంటి నిశ్శబ్దంలో అవతలివాళ్లని కూర్చోబెట్టడం ఆమె విద్య. ఇప్పుడు తనే మోయలేకపోయింది.

"ఆ రోజు నాకేం చెప్పబోయావమ్మా?" అని చేత్తో అడిగింది. "ఆఫీసులో ఏం జరిగింది?"

అమ్మ నిజంగానే ఆలోచించింది. కళ్లు చికిలించి, పైకప్పు చూసి, వెతికింది.

"గుర్తులేదు. నవ్వొచ్చేదే, అది మాత్రం తెలుసు." చేతులు ఒళ్లో ఒకదాని మీద ఒకటి పెట్టుకుంది. "నాకు కోపం లేదు. చిన్నపిల్లవి, సిగ్గేసింది. సినిమాలో నిజం అడిగావని చెప్పాను. నాకు ఆకలేస్తోంది."

అమ్మను చెంపసొట్ట కిందికి తీసుకెళ్లింది. పైన సామాను సర్దుతుంటే సౌండాయన వైర్లు చుడుతూ అవసరం లేకపోయినా గది అవతలికి వెళ్లిపోయాడు. కెమెరామన్ కెమెరాలోంచి మెమరీ కార్డు తీసి, డబ్బాలో పెట్టకుండా అరచేతిలో పట్టుకుని నిలబడ్డాడు.

"మేడమ్, ఒక మాట. ఆ ముక్క లేకపోయినా ఇంటర్వ్యూ నిలబడుతుంది. కట్టేసిన సంగతి వచ్చింది, ముక్కు తుడుచుకోవడం వచ్చింది. చాలు. ఇక్కడున్నది మనం ముగ్గురమే. మీరు ఊఁ అంటే ఇదసలు జరగనే లేదు."

ఆమె అతని చేతిలోని కార్డును చూసింది. గోరంత ముక్క. మొన్న ఇదే గదిలో ముసలాయన కాగితం మడుస్తూ, విప్పుతూ, తనని బతిమాలాడు.

"మాస్టారి ముక్క తీసేస్తున్నామా?"

"లేదుగా."

"మరింకేం?" అంది. "డబ్బా మీద పేరు రాయి. మూడో రోజు, అమ్మ." స్టాండు స్క్రూలు విప్పే నెపంతో వంగి కూర్చుంది. స్క్రూ ఎంతకీ తిరగలేదు. కెమెరామన్ వచ్చి పక్కన కూర్చుని, ఏమీ అనకుండా, ఆమె వేళ్ల కిందినుంచి తీసుకుని తనే తిప్పాడు. ఆమె తిప్పుతున్నది బిగించే వైపు.

కిటికీలోంచి చల్లగాలి కొట్టింది. అవతల మేఘం బడి మీదికి వచ్చేసింది. ఒకటీ అరా చినుకులు రాళ్ల మీద మచ్చలు పెడుతున్నాయి. కింద ఆ ఇద్దరికీ ఆకాశం పట్టినట్టు లేదు. తొట్టి గట్టు మీద కూర్చుని, మధ్యలో భోజనం డబ్బా పెట్టుకుని, అన్నం ముద్ద పట్టుకున్న చేత్తోనే ఏదో చెప్పుకుంటున్నారు. అమ్మ చెయ్యి తల మీదికి వెళ్లి వచ్చింది. పైనుంచి అరిస్తే లాభం లేదు. ఆమె మెట్లు దిగింది.

ఆమె కనపడగానే అమ్మ చేతులు దిగిపోయాయి. అమ్మ కావాలని దించలేదు. ఎన్నో ఏళ్లుగా దిగుతున్నాయి కాబట్టి దిగాయి. మధ్యలో ఆగిన మాట కోసం చెంపసొట్ట ఎదురుచూసి, ఇక రాదని తెలిసి, ఇటు తిరిగింది.

"వాన," అంది ఆమె. "లోపలికి రండి."

చెంపసొట్ట మొహం ముడిచింది. "ఏంటది?"

"వాన."

చెంపసొట్ట వంగి, ఆమె నడుం దగ్గర కదులుతున్న వేళ్లని దగ్గరగా చూసింది. ఉన్నట్టుండి సొట్టలు పడ్డాయి. "అది వానటే? నువ్వేదో కూరలో ఉప్పు చల్లుతున్నావనుకున్నా! ఏమే జడా, నీ కూతురు చిన్నప్పట్నుంచీ ఇంతే, గొణుగుతుంది. దీని మాట ఎప్పుడూ నాకు సగమే అర్థమవుతుంది."

ఆమె తన చేతుల్ని చూసుకుంది. అమ్మ ఒళ్లో చూసి నేర్చుకున్న మాటలు. ఒళ్లో పట్టేంతే నేర్చుకుంది. ఆ భాషలో తను ఇంతకాలంగా గొణుగుతోందని మొహం మీద అన్నవాళ్లు ఇంతవరకూ లేరు.

అమ్మ నవ్వలేదు. పక్కనున్న చెంబులో చెయ్యి ముంచి కడుక్కుని, బట్టకి తుడుచుకుని లేచింది. వచ్చి ఎదురుగా నిలబడి, కూతురి రెండు మణికట్లూ పట్టుకుంది. వయసు మీద పడినా పుస్తకాలు కుట్టిన పట్టు సడలలేదు. అంచు కలవని ఫారాన్ని సరిచేసేటప్పటి విసుగే ఉంది మొహంలో, ముద్దూ మురిపెం ఏమీ లేదు. ఆ చేతుల్ని నడుం మీంచి, గుండె మీంచి, భుజాలు దాటించి, తలకంటే పైదాకా లాగి వదిలిపెట్టింది.

"ఇక్కణ్నుంచి," అంది. అలా అనడానికి అమ్మ చేతులు కూడా పైకి రావలసి వచ్చింది. "వాన నడుం దగ్గర పడదు."

చినుకులు చిక్కబడ్డాయి. గుమ్మంలోకి వచ్చిన సౌండాయన, కెమెరామన్ అక్కడే నిలబడిపోయారు. ఎదురింటి మేడ మీద ఎవరో బట్టలు తీస్తూ ఆగి, ఇటు చూస్తున్నారు. ఆమె చేతులు పైకెత్తింది. భుజాలు అలవాటు లేక పట్టేశాయి. వేళ్లు కిందికి వదిలింది.

అమ్మ తలడ్డంగా ఊపింది.

"ఇంకా పైనుంచి," అంది. "మళ్లీ."